పాంథియాన్‌లో పాశ్చర్ ఎందుకు లేడు?

2025 అక్టోబరు 9న పారిస్‌లోని పాంథియాన్‌కు రాబేర్ బదాంతేర్ పేరిట ఒక శవపేటికను ఊరేగింపుగా తీసుకెళ్లారు. ఫ్రాన్స్‌లో మరణశిక్షను రద్దు చేయించిన న్యాయశాఖ మంత్రి ఆయన. ఆ చట్టం వచ్చింది కూడా 1981లో అదే తేదీన. పేటికలో దేహం లేదు. ఆయన వేసుకున్న లాయరు గౌను, మరణశిక్ష మీద చేసిన ప్రసంగం ప్రతి, కొన్ని పుస్తకాలు మాత్రం ఉన్నాయి. దేహం నగర శివార్లలోని బాన్యో శ్మశానంలోనే ఉంది. అంతకు దాదాపు ఏడాది ముందు, 2024 నవంబరులో, నాజీల చేతిలో హతుడైన చరిత్రకారుడు మార్క్ బ్లాక్‌కు కూడా అక్కడ చోటు కల్పిస్తామని అధ్యక్షుడు మాక్రాన్ ప్రకటించాడు.

ఇలాంటి వార్త వచ్చినప్పుడల్లా పాఠకులకు ఒక చిక్కుముడి ఎదురవుతుంది. పాంథియాన్ అంటే ఫ్రాన్స్ పుట్టించిన అతిగొప్ప మేధావుల సమాధి మందిరం అనుకుంటే లెక్క కుదరదు. రేబిస్ టీకా ఇచ్చిన పాశ్చర్ అక్కడ లేడు. ఆధునిక రసాయన శాస్త్రానికి పునాది వేసిన లావోయిజర్, నాటకరంగానికి మారుపేరైన మోలియేర్, చిత్రకారుడు మోనే కూడా లేరు. ఒక్క సంగీతకర్త లేడు. మరోవైపు, ఇప్పుడు ఫ్రాన్స్‌లోనే చాలామంది గుర్తుపట్టని నెపోలియన్ కాలపు సెనేటర్లు డజన్ల కొద్దీ ఉన్నారు.

క్లుప్తంగా

పాంథియాన్ ప్రతిభకు ఇచ్చే బహుమతి కాదు. ఒక వ్యక్తి జీవితంలో ప్రభుత్వం తనదిగా చెప్పుకోదగ్గ పౌర ఘట్టం ఏదైనా ఉందా అన్నదే అక్కడ గీటురాయి. ప్రస్తుతం ఎంపిక దేశాధ్యక్షుడిది, అడ్డుకోగల శక్తి కుటుంబానిది. శాస్త్రవేత్తలను, కళాకారులను గౌరవించడానికి ఫ్రాన్స్‌లో వేరే దారులు ఉండేవి. వాటిలో కొన్ని మూసుకుపోవడంతో పాంథియాన్ మీద ఒత్తిడి పెరుగుతోంది.

చర్చిగా మొదలై

ఈ భవనాన్ని కట్టింది మహనీయుల కోసం కాదు. 1744లో మెట్స్ నగరంలో ప్రాణాపాయ స్థితిలో ఉన్న రాజు 15వ లూయీ, బతికి బయటపడితే పారిస్ పోషక దేవత సెయింట్ జనవియేవ్‌కు కొత్త చర్చి కట్టిస్తానని మొక్కుకున్నాడు. ఆ మొక్కు తీర్చే పని వాస్తుశిల్పి సుఫ్లోకు అప్పజెప్పాడు. సుఫ్లో 1780లో చనిపోయాడు. కట్టడం పూర్తయ్యే సమయానికి దేశంలో విప్లవం వచ్చి కూర్చుంది.

1791 ఏప్రిల్ 2న విప్లవ నాయకుడు, మహావక్త మిరాబో చనిపోయాడు. ఆయన్ని ఎక్కడ ఉంచాలన్న ప్రశ్న రాగానే, రెండు రోజుల్లో జాతీయ సభ ఆ కొత్త చర్చిని మహనీయుల మందిరంగా మార్చేసింది. తొలి ప్రవేశం మిరాబోదే, తొలి బహిష్కరణా ఆయనదే. ఆయన రాజుతో రహస్యంగా ఉత్తరాలు నడిపిన సంగతి రాజభవనంలో దొరికిన ఇనుప బీరువాతో బయటపడింది. 1794 సెప్టెంబరులో ఆయన్ని బయటకు తీసి, అదే రోజు విప్లవ నాయకుడు, పత్రికా రచయిత మారాను లోపలికి తెచ్చారు. అయిదు నెలలు తిరక్కుండానే మారానూ తీసేశారు. ఈ అనుభవంతోనే కాబోలు, చనిపోయి పదేళ్లు గడిస్తే తప్ప ఎవరికీ ఈ గౌరవం ఇవ్వరాదని 1795లో తీర్మానించారు. మంచి నియమమే, కానీ నిలవలేదు. విక్టర్ హ్యూగోను చనిపోయిన పది రోజులకే, గర్భస్రావ హక్కు చట్టం తెచ్చిన మంత్రి సిమోన్ వేయ్‌ను ఏడాదికే అక్కడికి చేర్చారు.

ఆ తర్వాత దాదాపు ఒక శతాబ్దం పాటు ఈ భవనం ప్రభుత్వం మారినప్పుడల్లా వేషం మార్చింది. నెపోలియన్ పైభాగాన్ని చర్చికి తిరిగి ఇచ్చి, నేలమాళిగను తన సేనానులకు, మంత్రులకు, సెనేటర్లకు కేటాయించాడు. ఇప్పటికి అక్కడ చోటు దక్కిన 80 మందికి పైగా వ్యక్తుల్లో సగం మంది ఆ ఒక్కడి ఎంపికే. రాజరికం తిరిగొచ్చాక అది మళ్లీ పూర్తి చర్చి అయింది. వోల్టేర్, రూసోల సమాధులను కంటికి కనిపించని మూలకు నెట్టారు. 1830 విప్లవంతో మళ్లీ మందిరమైంది. ‘మహనీయులకు మాతృభూమి కృతజ్ఞతలతో’ అన్న శాసనం పైన దావీద్ దాంజేర్ చెక్కిన శిల్పఫలకం 1837లో పూర్తయింది. తమాషా ఏమిటంటే ఆ కాలంలో లోపలికి కొత్తగా ఒక్క మహనీయుణ్ణీ చేర్చలేదు.

1851లో భౌతిక శాస్త్రవేత్త లియోన్ ఫూకో ఆ గోపురం నుంచి 67 మీటర్ల తీగకు 28 కిలోల గుండు వేలాడదీసి, భూమి తన చుట్టూ తాను తిరుగుతోందని జనానికి కళ్లారా చూపించాడు. ఆ ఏడాది చివర్లో భవనం మళ్లీ చర్చి కావడంతో ప్రయోగం ఆగిపోయింది. ఇప్పుడు సందర్శకులు ముందుగా వెతుక్కునేది ఆ లోలకాన్నే. ఫూకో సమాధి మాత్రం మోమార్త్ర శ్మశానంలో ఉంది.

1885లో హ్యూగో మరణంతో ఈ ఊగిసలాట ముగిసింది. ఆయన అంత్యక్రియల కోసం మూడో రిపబ్లిక్ ఈ భవనాన్ని చర్చి నుంచి శాశ్వతంగా వెనక్కి తీసుకుంది. గోపురం మీద శిలువ మాత్రం ఇప్పటికీ ఉంది. ఆ తర్వాత దాన్ని దించే జోలికి ఎవరూ పోలేదు.

తాళం ఎవరి చేతిలో

పాంథియాన్ ప్రవేశానికి ఫలానా అర్హతలుండాలని చెప్పే చట్టం లేదు. నోబెల్ లాగా కమిటీ, నామినేషన్లు, గడువులు లేవు. ఉన్నదల్లా నిర్ణయించే అధికారం. అది కాలాన్ని బట్టి చేతులు మారింది. విప్లవ కాలంలో సభ నిర్ణయించేది, నెపోలియన్ హయాంలో చక్రవర్తి. మూడో రిపబ్లిక్‌లో పార్లమెంటు ఓటు వేసేది. 1958 తర్వాత, అయిదో రిపబ్లిక్‌లో, అది అధ్యక్షుడు సంతకం చేసే డిక్రీ అయింది.

ఈ చివరి మార్పు ఫలితం మామూలుది కాదు. పార్లమెంటు ఓటంటే వాదప్రతివాదాలు, బేరసారాలు, ఏళ్ల తరబడి జాప్యం. నవలాకారుడు జోలా విషయంలో సభ ఓటు వేసింది 1906 జూలైలో, ఉత్సవం జరిగింది 1908 జూన్‌లో. డిక్రీకి అంత తతంగం అక్కర్లేదు. అందుకే ఎవరు, ఎప్పుడు అన్నది అధ్యక్షుడి అభిరుచికి, రాజకీయ అవసరానికి దగ్గరగా నడుస్తుంది. డిగాల్ ఒక్కరినే, నాజీ ఆక్రమణను ఎదిరించిన ప్రతిఘటన వీరుడు జాన్ మూలాఁనే, 1964లో చేర్చాడు. పాంపిదూ, జిస్కార్ దెస్తాఁ ఒక్కరినీ చేర్చలేదు. మితెరాఁ ఏడుగురిని చేర్చాడు. పదవి చేపట్టిన రోజే, 1981 మే 21న, గులాబీలు పట్టుకుని సోషలిస్టు నేత జారెస్, బానిసత్వ రద్దుకు పోరాడిన షెల్షేర్, మూలాఁ సమాధుల దగ్గరకు వెళ్లిన నాయకుడాయన. ఆ భవనం విలువ ఆయనకు బాగా తెలుసు. షిరాక్ ఇద్దరిని, ఓలాంద్ ఒకే రోజు నలుగురిని చేర్చారు. మాక్రాన్ హయాంలో వేయ్, రచయిత జనవ్వా, బేకర్, మనూషియన్, బదాంతేర్‌ల తర్వాత బ్లాక్ పేరు ప్రకటించారు.

అధ్యక్షుడి ఇష్టానికి ఉన్న ఒకే ఒక పెద్ద అడ్డు కుటుంబం. వారసులు కాదంటే సమాధిని కదిలించరన్నది చట్టం కాదు, ఆనవాయితీ. కానీ గట్టి ఆనవాయితీ. 2009లో అప్పటి అధ్యక్షుడు సార్కోజీ రచయిత అల్బేర్ కామూ పేరు ప్రతిపాదిస్తే కొడుకు ఒప్పుకోలేదు, అక్కడితో ఆగిపోయింది. కవులు రాంబో, వెర్లేన్‌లను కలిపి చేర్చాలని 2020లో పెద్ద ఎత్తున సంతకాలు సేకరించారు. రాంబో కుటుంబం వ్యతిరేకించింది, మాక్రాన్ తోసిపుచ్చాడు. పాశ్చర్ కథా ఇదే. 1895లో ఆయన చనిపోయినప్పుడు ప్రభుత్వ లాంఛనాలతో నోత్ర్ దామ్‌లో అంత్యక్రియలు జరిగాయి. పాంథియాన్‌లో చోటిస్తామంటే కుటుంబం వద్దంది. ఆయన పేరిట నడుస్తున్న పరిశోధన సంస్థ నేలమాళిగలోనే సమాధి కట్టించుకుంది. అంటే పాశ్చర్ లేకపోవడానికి ఫ్రాన్స్ మరచిపోవడం కారణం కాదు, ఇంటివాళ్ల పట్టుదల కారణం.

కుటుంబం సగం ఒప్పుకున్న సందర్భాలూ ఉన్నాయి. 2015లో చేరిన ప్రతిఘటన వీరవనితలు జెర్మెన్ తియ్యోఁ, జనవియేవ్ డిగాల్ ఆంతోన్యోల పేటికల్లో ఉన్నది వారి సమాధుల దగ్గరి మట్టి. జోసెఫీన్ బేకర్ దేహం మొనాకోలోనే ఉంది. ఆమె పేటికలోనూ ఆమె బతికిన చోట్ల నుంచి తెచ్చిన మట్టే ఉంచారు. లూయీ బ్రెయిలీది ఇంకా విచిత్రం. 1952లో ఆయన అస్థికలు పాంథియాన్‌కు చేరాయి కానీ, చుక్కల లిపిని తడిమిన చేతులను మాత్రం సొంత ఊరు కూవ్రే తన దగ్గరే ఉంచుకుంది. ఇన్ని ఉదాహరణల తర్వాత ఒక విషయం తేలుతుంది. ఇక్కడ దేహం తప్పనిసరి కాదు, పేరు ముఖ్యం.

ప్రతిభ ఒక్కటే చాలదు

సాహిత్యంలో చూస్తే ఎంపిక తర్కం తేటతెల్లంగా కనిపిస్తుంది. 1791 జూలైలో వోల్టేర్ అస్థికలను తెచ్చిన రథం మీద రాసింది నాటకాల పేర్లు కాదు. అన్యాయపు తీర్పులకు గురైన కలాస్, లా బార్, సిర్వాఁ, మోంబాయిల తరఫున ఆయన నిలిచాడని రాశారు. 1762లో తూలూజ్‌లో ప్రొటెస్టెంటు వ్యాపారి కలాస్‌ను, మతం మారబోతున్న కొడుకును చంపాడన్న అభియోగంతో దారుణంగా హింసించి చంపారు. ఆ తీర్పు తప్పని మూడేళ్లు పోరాడి 1765లో కొట్టివేయించిన వాడు వోల్టేర్. విప్లవానికి కావలసింది ఆ వోల్టేరే.

హ్యూగోకు లక్షలాది జనం వీడ్కోలు పలికింది నవలల కోసమే కాదు. మూడో నెపోలియన్‌ను ధిక్కరించి దాదాపు 19 ఏళ్లు దేశం బయట గడిపిన రిపబ్లికన్ ఆయన. జోలా సంగతి చెప్పనే అక్కర్లేదు. చేయని గూఢచర్యానికి శిక్షపడిన యూదు సైనికాధికారి డ్రేఫస్ పక్షాన 1898లో ఆయన రాసిన బహిరంగ లేఖ లేకపోతే, జోలా ఈనాటికీ మోమార్త్రలోనే ఉండేవాడని అనుకోవడానికి ఆస్కారం ఉంది. 1906 జూలై 12న అత్యున్నత న్యాయస్థానం డ్రేఫస్‌ను నిర్దోషిగా ప్రకటించింది. మర్నాడే ప్రజాప్రతినిధుల సభ జోలాను పాంథియాన్‌కు మార్చాలని ఓటు వేసింది. ఆ రెండు తేదీల మధ్య ఒక్క రాత్రి తేడా. బాల్జాక్, ఫ్లోబేర్, స్టెంఢాల్ ఏ విధంగానూ జోలాకు తీసిపోని నవలాకారులు. వారికి అలాంటి తేదీ లేదు.

2002లో అలెగ్జాండర్ డ్యూమా చేరికనూ ఇదే కోవలో చూడవచ్చు. ఖడ్గవీరుల కథలతో పిల్లల్నీ పెద్దల్నీ ఊపేసిన రచయితకు కేవలం కథకుడిగా చోటు ఇచ్చి ఉండవచ్చు. కానీ ఆయన నాయనమ్మ కరీబియన్ దీవిలో బానిస. బతికి ఉండగా ఆయన ఎదుర్కొన్న జాతి ద్వేషాన్ని షిరాక్ తన ప్రసంగంలో ప్రస్తావించి, జరిగిన అన్యాయాన్ని సరిదిద్దుతున్నామన్నాడు.

మరి మోలియేర్? 2022లో ఆయన 400వ జయంతి సందర్భంగా చేర్చాలని రంగస్థల నటులు అడిగారు. పాంథియాన్ విప్లవం నుంచి, జ్ఞానోదయ యుగం నుంచి పుట్టిన లౌకిక మందిరమని, ఆయన అంతకు ముందటి కాలం వాడని అధ్యక్ష భవనం కుదరదంది. ఈ వాదన అతికినట్టు కనిపిస్తుంది కానీ, పూర్తిగా నిలవదు. 1650లో చనిపోయిన తత్వవేత్త డెకార్ట్‌ను చేర్చాలని 1793లో విప్లవ సభే తీర్మానించింది. అమలు కాలేదు, అది వేరే సంగతి. 14వ లూయీ కొలువులో వెలిగిన హాస్య నాటకకర్త నుంచి రిపబ్లిక్ తనదిగా చెప్పుకోగల పోరాటం ఏదీ కనిపించకపోవడమే అసలు ఇబ్బంది కావచ్చు.

లావోయిజర్ లేని శాస్త్రవేత్తల వరుస

పాంథియాన్‌లోని శాస్త్రవేత్తల పేర్లు వరుసగా చదివితే ఒక ఉమ్మడి లక్షణం బయటపడుతుంది. గణితవేత్త లగ్రాంజ్, నావికుడు బూగాన్విల్ ఇద్దరూ నెపోలియన్ సెనేటర్లు. లజార్ కార్నో గణితం రాశాడు కానీ, విప్లవ సైన్యాలను నడిపించిన యుద్ధ నిర్వాహకుడిగానే లోపలికి వచ్చాడు. జ్యామితి పండితుడు మాంజ్ నౌకాదళ మంత్రి. గణితవేత్త కాండోర్సే విప్లవ సభ సభ్యుడు. రసాయన శాస్త్రవేత్త బెర్తెలో విద్యామంత్రిగా, విదేశాంగ మంత్రిగా పనిచేశాడు. గణితవేత్త పాన్లవే రెండుసార్లు ప్రధానమంత్రి. అణువుల ఉనికిని ప్రయోగంతో నిరూపించిన జాన్ పెరిన్ ప్రభుత్వంలో శాస్త్ర పరిశోధనల బాధ్యత చూసి, నాజీలు వచ్చాక న్యూయార్క్‌లో ప్రవాసంలో చనిపోయాడు. భౌతిక శాస్త్రవేత్త లాంజెవిన్ ఫాసిజానికి వ్యతిరేకంగా నిలిచి 1940లో జైలుకెళ్లాడు. ఈ మూసకు పూర్తిగా బయట ఉన్నవాళ్లు బ్రెయిలీ, క్యూరీ దంపతులు. అందులోనూ మేరీ క్యూరీ ఎంపికకు మరో కారణం ఉంది, దాని దగ్గరకు తర్వాత వద్దాం.

ఆంపియర్, ఫోరియర్, లాప్లాస్, గేలుసాక్, బెకరల్, పోయంకారే ఎవరూ లేరు. భౌతిక శాస్త్రం పుస్తకం తెరిస్తే పేజీకొకరు తగిలే పేర్లివి.

అందరికన్నా గట్టి ప్రశ్న లావోయిజర్ విషయంలో వస్తుంది. దహనంలో ఆక్సిజన్ పాత్ర తేల్చి, ద్రవ్యనిత్యత్వాన్ని తూకంతో చూపించిన ఆయన్ని 1794 మే 8న గిలటిన్ కింద తల నరికి, దేహాన్ని సామూహిక గోతిలో పడేశారు. ఆయన నేరం శాస్త్రం కాదు. రాజు తరఫున పన్నులు వసూలు చేసే గుత్తేదార్ల సంస్థలో వాటాదారు కావడం. ఆ తల నరకడానికి వారికి ఒక్క క్షణం చాలింది, అలాంటి తల మళ్లీ రావడానికి నూరేళ్లు చాలకపోవచ్చు అని లగ్రాంజ్ అన్నట్టు చెబుతారు. ఆ మాటన్న లగ్రాంజ్ పాంథియాన్‌లో ఉన్నాడు.

దేహం దొరకలేదు కాబట్టి చేర్చలేదని సరిపెట్టుకోవచ్చా? అదే 1794లో, లావోయిజర్‌కు కొన్ని వారాల ముందు, జైలు గదిలో చనిపోయిన కాండోర్సే అస్థికలు కూడా దొరకలేదు. అయినా విప్లవ ద్విశతాబ్ది సందర్భంగా 1989లో ఆయనకు చోటిచ్చారు. పేటిక ఖాళీగానే ఉంది. బానిసత్వాన్ని వ్యతిరేకించి, స్త్రీలకు ఓటు హక్కు కోరిన కాండోర్సేను రిపబ్లిక్ గర్వంగా తనవాడని చెప్పుకోగలదు. రిపబ్లిక్ తానే తల నరికిన పన్నుల గుత్తేదారును పిలవడం అంత సులువు కాదు. శాస్త్రంలో ఇద్దరి స్థాయినీ పోల్చి చూస్తే తూకం ఎటు మొగ్గుతుందో చెప్పనక్కర్లేదు.

సంగీతం నోట్ల మీద, సమాధిలో కాదు

కళల విషయంలో లోటు ఇంకా పెద్దది. పాంథియాన్‌లో ఉన్న ఏకైక చిత్రకారుడు జోసెఫ్ మారీ వియాఁ. డెలాక్రువా, సెజాన్, మోనే లేని చోట వియాఁ ఎలా ఉన్నాడంటే, ఆయన్ని నెపోలియన్ సెనేటర్‌ను చేశాడు, 1809లో చనిపోతే సెనేటర్ హోదాతో అక్కడ ఉంచారు. సంగీతకర్తల్లో దగ్గరదాకా వచ్చింది బెర్లియోజ్ ఒక్కడే. 2003లో ద్విశతజయంతికి ఆయన్ని తీసుకురావాలని గట్టి ప్రయత్నం జరిగింది, కానీ కార్యం నెరవేరలేదు. రాజకీయంగా ఆయన రిపబ్లిక్ అభిమాని కాదన్న అభ్యంతరం ఆ చర్చలో వినిపించింది.

దీన్ని బట్టి ఫ్రెంచ్ ప్రభుత్వానికి కళాకారులంటే చులకన అనుకోవడం పొరపాటు. వారికి కేటాయించిన దారి వేరు. అందులో ముఖ్యమైనది కరెన్సీ నోటు. 1970ల నుంచి పది ఫ్రాంకుల నోటు మీద బెర్లియోజ్ ఉన్నాడు. ఇరవై ఫ్రాంకుల మీద స్వరకర్త డెబ్యుసీ, వంద ఫ్రాంకుల మీద మొదట డెలాక్రువా, తర్వాత సెజాన్, యాభై మీద విమాన చోదక రచయిత సెంటెగ్జూపెరీ, ఐదు వందల మీద మొదట పాస్కల్, చివర్లో క్యూరీ దంపతులు. ఏడాదికో రెండేళ్లకో ఒకసారి పాఠశాల పిల్లలు చూసే సమాధి కన్నా, రోజూ జేబులో తిరిగే బొమ్మకు జనంలో వ్యాప్తి ఎక్కువ. పైగా నోటు మీదకు ఎక్కడానికి పౌర పోరాటం అక్కర్లేదు, అందరూ గుర్తుపట్టే ముఖం, ఎవరికీ అభ్యంతరం లేని కీర్తి చాలు.

2002లో యూరో నోట్లు వచ్చాక ఈ దారి మూసుకుపోయింది. ఏ ఒక్క దేశపు వ్యక్తికీ చెందకుండా యూరో నోట్ల మీద ఊహాజనితమైన వంతెనలు, ద్వారాలు వేశారు. అప్పటి నుంచి కళాకారుల అభిమానులకు, జయంతి ఉత్సవాల నిర్వాహకులకు ప్రభుత్వ గౌరవంగా మిగిలిన పెద్ద లక్ష్యం పాంథియాన్ ఒక్కటే. బెర్లియోజ్, రాంబో, మోలియేర్ ఉద్యమాలు ఒకదాని వెనక ఒకటి రావడంలో ఈ మార్పు పాత్ర ఎంతన్నది కచ్చితంగా కొలవలేం కానీ, కాలక్రమం మాత్రం కలుస్తోంది.

ఇనుము మీద 72 పేర్లు

శాస్త్రవేత్తలకు ఉన్న మరో జాబితా ఈఫిల్ టవర్ మీద ఉంది. మొదటి అంతస్తు బాల్కనీ కింద, నాలుగు వైపులా పద్దెనిమిదేసి చొప్పున, 72 మంది శాస్త్రవేత్తల, ఇంజినీర్ల పేర్లు బంగారు రంగు అక్షరాల్లో ఉంటాయి. వాటిని ఎంచింది ప్రభుత్వం కాదు, గుస్తావ్ ఈఫిల్. టవర్ వద్దని కళాకారులు దండెత్తుతున్న రోజుల్లో, ఇది ఫ్రెంచ్ శాస్త్రానికి నివాళి అని చాటడం ఆయనకూ అవసరమే. ఇరవయ్యో శతాబ్దం మొదట్లో రంగు వేసినప్పుడు ఆ పేర్లు కనుమరుగయ్యాయి. 1980లలో తిరిగి బయటికి తెచ్చారు.

ఈ జాబితాలో లావోయిజర్, ఆంపియర్, ఫూకో, లాప్లాస్, ఫ్రెనెల్, కూలుంబ్ అందరూ ఉన్నారు. రైల్వే ఇంజినీర్లు, సిమెంటు పరిశోధకుడు వికా, యంత్రాల తయారీదారులూ ఉన్నారు. పాంథియాన్ జాబితాతో పోల్చి చూస్తే రెండింటిలోనూ ఉన్నవి మూడే పేర్లు: లగ్రాంజ్, మాంజ్, కార్నో. ఒకే దేశం, దాదాపు ఒకే రంగం. ఎంపిక ఒక ఇంజినీరు చేస్తే ఒకలా, ప్రభుత్వం చేస్తే ఇంకోలా వచ్చింది.

ఇంజినీరు జాబితాకూ దాని గుడ్డిచూపు దానికుంది. 72 మందిలో ఒక్క స్త్రీ లేదు. లోహఫలకాలు ఎలా కంపిస్తాయో వివరించే గణితానికి 1816లో సైన్స్ అకాడమీ బహుమతి పొందిన సోఫీ జెర్మెన్ పేరు లేకపోవడం మరీ ఎబ్బెట్టు. ఇంత ఎత్తున ఇనుము నిలబెట్టిన వారికి స్థితిస్థాపకత శాస్త్రం ఎంత అవసరమో తెలియనిది కాదు. 2025లో పారిస్ నగరపాలిక టవర్ మీద మహిళా శాస్త్రవేత్తల పేర్లు కూడా చేర్చాలని ప్రతిపాదించింది.

ఈ రెండు జాబితాలకూ బయట ఉండిపోయిన ఒకరి పేరు తెలుగువారికి దగ్గరిది. ఖగోళ శాస్త్రవేత్త జూల్స్ జాన్సెన్ 1868 ఆగస్టు 18న సంపూర్ణ సూర్యగ్రహణాన్ని గుంటూరు నుంచి పరిశీలించాడు. సూర్యుడి అంచున లేచే జ్వాలల వర్ణపటంలో గీతలు ఎంత ప్రకాశవంతంగా ఉన్నాయో చూసి, గ్రహణం లేకుండానే వీటిని చూడవచ్చని గ్రహించాడు. మర్నాడు గుంటూరులోనే చూసి రుజువు చేసుకున్నాడు. ఇంగ్లండులో లాకియర్ విడిగా అదే పద్ధతి కనిపెట్టాడు. ఇద్దరి సమాచారం ఒకే రోజు పారిస్ అకాడమీకి అందింది. హీలియం ఉనికి వైపు దారి తీసిన పరిశీలనల్లో ఇవి భాగం. ఫ్రెంచ్ ప్రభుత్వం ఇద్దరి ముఖాలతో ఒక పతకం ముద్రించింది. 1870లో జర్మన్ సేనలు పారిస్‌ను చుట్టుముడితే, మరో గ్రహణం చూడటానికి బెలూన్ ఎక్కి నగరం దాటిపోయిన మనిషి జాన్సెన్. తీరా అల్జీరియా చేరితే మబ్బులు కమ్మేశాయి. ఇంతటి జీవితానికి పతకం, మ్యూడాన్‌లో ఆయన స్థాపించిన వేధశాల దక్కాయి. పాంథియాన్ చర్చలో ఆయన పేరు వినిపించదు.

స్త్రీలు, ఆలస్యం

పాంథియాన్‌లోకి తొలిసారి ఒక స్త్రీ దేహం చేరింది 1907లో. ఆమె రసాయన శాస్త్రవేత్త బెర్తెలో భార్య సోఫీ. భర్త, భార్య ఒకే రోజు చనిపోయారు. విడదీయడానికి కుటుంబం ఒప్పుకోకపోవడంతో ఆమెకూ చోటిచ్చారు. సొంత కృషికి గుర్తింపుగా ఒక స్త్రీ చేరడానికి మరో 88 ఏళ్లు పట్టింది. 1995 ఏప్రిల్‌లో, పదవీకాలం చివరి వారాల్లో, మితెరాఁ మేరీ క్యూరీని, భర్త పియేర్‌ను సో పట్టణం నుంచి తెప్పించాడు. అప్పటికే ఒక నోబెల్ బహుమతి పొంది, అదే ఏడాది చివర్లో రెండోదీ అందుకోబోతున్న ఆమెను 1911 మొదట్లో సైన్స్ అకాడమీ సభ్యత్వానికి స్వల్ప తేడాతో ఓడించింది. పోలండ్‌లో పుట్టడం, స్త్రీ కావడం రెండూ అప్పట్లో ఆమెకు వ్యతిరేకంగా పనిచేశాయి. అకాడమీ స్త్రీని పూర్తి సభ్యురాలిగా తీసుకున్నది 1979లో. మేరీ ఎంపిక వెనక విజ్ఞానంతో పాటు ఈ బాకీ తీర్చడం ఉందన్నది స్పష్టం.

2015లో ఇద్దరు, 2018లో సిమోన్ వేయ్, 2021లో జోసెఫీన్ బేకర్. ఆపై 2024లో భర్త మిసాక్‌తో పాటు మెలినే మనూషియన్. సొంత హోదాలో చేరినవారు అయిదుగురే. బేకర్ ఎంపికలోనూ పాత సూత్రం చెక్కుచెదరలేదు. అమెరికాలో పుట్టి పారిస్ రంగస్థలాన్ని ఏలిన నర్తకిగా ఆమె కీర్తి ప్రపంచమంతా ఎరుగును. కానీ నిర్ణయాన్ని సమర్థించిన వారు ముందుకు తెచ్చింది నాజీలకు వ్యతిరేకంగా రహస్య సమాచారం చేరవేసిన బేకర్‌ను, 1963లో వాషింగ్టన్ పౌరహక్కుల సభలో ఫ్రెంచ్ సైనిక యూనిఫాం వేసుకుని మాట్లాడిన బేకర్‌ను.

విప్లవ కాలంలో స్త్రీల హక్కుల ప్రకటన రాసి, 1793లో గిలటిన్‌కు బలైన ఒలింప్ ద గూజ్ పేరు ఎన్నోసార్లు ముందుకు వచ్చి ఆగిపోయింది. ఆమెకు పౌర పోరాటం ఉంది, అమరత్వం ఉంది, అస్థికలు లేకపోవడం అడ్డంకి కాదని కాండోర్సే విషయంలో తేలింది. ఆమె కలం రాజుకూ కొంత మద్దతు పలికింది. రిపబ్లిక్ లెక్కలో అది ఇంకా సర్దుకోని పద్దు.

ఇకపై చిక్కులు

ఎంపిక ఒక్కరి చేతిలో ఉన్నందువల్ల ప్రతి చేరికనూ ఆనాటి రాజకీయాలతో కలిపి చదవడం తప్పదు. పౌరసత్వం లేని ఆర్మేనియన్ శరణార్థి, కమ్యూనిస్టు అయిన మనూషియన్‌ను, సరిగ్గా ఆయన్ని కాల్చి చంపిన 80 ఏళ్లకు, 2024 ఫిబ్రవరి 21న చేర్చారు. అప్పటికి కొద్ది వారాల క్రితమే వలస నియంత్రణ చట్టం మీద దేశం రెండుగా చీలి ఉంది. బ్లాక్ చేరిక ఉత్సవానికి తీవ్ర మితవాదులు రాకూడదని ఆయన కుటుంబం ముందే కోరింది. బదాంతేర్ ఉత్సవం రోజు పొద్దున బాన్యోలో ఆయన సమాధి మీద దుండగులు పిచ్చిరాతలు రాశారు. 1908లో జోలా ఉత్సవంలో ఒక పాత్రికేయుడు డ్రేఫస్ మీద కాల్పులు జరిపి చేతిని గాయపరిచాడు, తర్వాత కోర్టు అతన్ని వదిలేసింది. గొడవ లేని ఎంపిక కావాలనుకుంటే పాంథియాన్ దానికి అనువైన చోటు కాదు.

ఇప్పుడు నలుగుతున్న పేరు ఆ డ్రేఫస్‌దే. ఆయన్ని చేర్చాలన్న కోరిక 2006లో, నిర్దోషిగా తేలిన శతాబ్ది సందర్భంగా గట్టిగా వినిపించింది. షిరాక్ ఆ పని చేయలేదు. ఆయన అన్యాయానికి గురైన వ్యక్తి, దాన్ని ఎదిరించిన వీరుడు జోలా, ఆయన ఎలాగూ లోపల ఉన్నాడు అన్నది వ్యతిరేకుల వాదన. ఖైదీల దీవి డెవిల్స్ ఐలండ్‌లో నాలుగేళ్లకు పైగా గడిపినా నేరం ఒప్పుకోకుండా నిలబడటం వీరత్వం కాదా అన్నది సమర్థకుల ప్రశ్న. 2025లో పార్లమెంటు చట్టం చేసి డ్రేఫస్‌కు మరణానంతరం బ్రిగేడియర్ జనరల్ హోదా ఇచ్చింది. పార్లమెంటు చేయగలిగింది అంతవరకే. మోంపర్నాస్ శ్మశానం నుంచి పాంథియాన్‌కు మార్చే సంతకం అధ్యక్షుడు పెట్టాలి.